మూగవాగులో ముగ్గురు

అనగనగా ఒక వాగు. పేరు మూగవాగు. నీళ్ళు చీలమండ లోతే. బురద ఎంత లోతో చూసి వచ్చినవాడు మాత్రం లేడు. దాని ఒడ్డున కప్పలు కూడా అరవవు.

ముసురు పట్టిన ఒక మధ్యాహ్నం సన్యాసమ్మ నడుపుతున్న ఆసుపత్రి జీపు అందులో దిగబడింది. కొండమీది గూడెంలో సుక్రి అనే బాలింతను పాము కరిచింది. అక్కడ నర్సు ఉంది, మందే లేదు. ఆ మందు పెట్టె ఇప్పుడు సన్యాసమ్మ పక్క సీటులో ఉంది. పొద్దు గుంకేలోగా చేరకపోతే పసిబిడ్డకు తల్లి ఉండదు.

అంతలో మంచులోంచి ఒకడు వచ్చాడు. తలపాగా, చేతిలో కొరడా, ఒంటినిండా ఆరని బురద. తాను రాజుగారి రథసారథిననీ, ఆగితే మునుగుతావనీ, గట్టిగా అదిలించమనీ చెప్పాడు. పగటివేషగాడేమో అనుకుంది సన్యాసమ్మ. అయినా ఆపదలో వేషం ఎవరు చూస్తారు? ఇంజను రంకె వేసింది. చక్రాలు సగం దిగాయి.

వెనకే రెండోవాడు వచ్చాడు, భుజాన ములుగర్రతో. ఎడ్లబండి తోలేవాణ్ణని, ఇంకాస్త గట్టిగా తొక్కమని చెప్పాడు. తొక్కింది. ఇరుసు మునిగింది.

మూడోవాడు ట్రాక్టరు డ్రైవరు. నోట్లో బీడీ వెలుగుతోంది గానీ పొగ రావడం లేదు.

"పూర్తిగా తొక్కెయ్యమ్మా. ఈ ఒక్కసారే," అన్నాడు.

సన్యాసమ్మ తొక్కడానికి కాలు ఎత్తింది. అప్పుడు చూసింది. ముగ్గురూ బురదమీదే నిలబడ్డారు, ఒక్కరి వెనకా అడుగుజాడ లేదు. దూకి పారిపోదామనిపించింది. కానీ మందు పెట్టె? గుండె చిక్కబట్టుకుంది.

"దారి చెప్పారు, బాగుంది బాబూ. మరి మీ బళ్ళేవీ?"

ముగ్గురూ ఒకేసారి తలలు వంచి కాళ్ళ కిందికి చూశారు. బురద అడుగున ఎక్కడో గుర్రం సకిలించింది. ఎద్దు మెడలో గంట ఒకసారి కదిలింది.

"నాకు ఈ బండాయన చెప్పాడమ్మా," అన్నాడు ట్రాక్టరు డ్రైవరు మెల్లగా. "ఆయనకు ఆ సారథి. సారథికి ఆయన కొరడా. ఇప్పుడు నువ్వడిగిన మాట మేమెవరం అడగలేదు."

సన్యాసమ్మ ఇంజను ఆపి దిగింది. చక్రాల ముందు బురదను చేతులతో తోడింది. టైర్లలో గాలి సగం తీసింది. గట్టున రెల్లు కోసి, తన దుప్పటి కూడా కలిపి చక్రాల కింద పరిచింది. ముగ్గురూ చూస్తూ ఉండిపోయారు. సాయం పట్టలేదు, అడ్డమూ రాలేదు. ఆమె జీపును పసిపిల్లను నడిపించినట్టు నిమ్మళంగా కదిలించింది. అది ఊగింది, జారింది, మళ్ళీ ఊగి గట్టెక్కింది.

పొద్దు కొండను తాకేవేళకు సుక్రికి సూది పడింది. బిడ్డకు తల్లి దక్కింది.

మూగవాగులో ఈనాటికీ ముగ్గురే ఉన్నారు, నాలుగోవారి కోసం చూస్తూ.

ఎంత తొందరలో ఉన్నా సరే, దారి చెప్పేవాడు ఆ దారిన తాను గట్టెక్కాడో లేదో అడిగాకే అడుగు వెయ్యాలి.