తెల్ల తువ్వాలు

పిల్లలు వాదనకు దిగితే ఎర్నమ్మ మేడమ్ వాదించేది కాదు. మెడలోని విజిల్ తీసి జేబులో వేసుకునేది. ఇక జవాబు నోటితో రాదని ఆ కబడ్డీ జట్టులో అందరికీ తెలుసు.

జిల్లా ఫైనలుకి ముందురోజు గౌరీశ్వరి ఆవిడ చేత విజిల్ తీయించింది. కూతకెళ్లడంలో గౌరిని మించినవాళ్లు జట్టులో లేరు. మర్నాడు రాష్ట్ర జట్టుకి ఎంపిక చేసేవాళ్లు వస్తున్నారు. చూడబోతే తొడమీద చీముగడ్డ. రెండు నెలల కిందట ఇలాంటిదే లేస్తే, నొప్పి తగ్గగానే మాత్రలు సగంలో మానేసి, మిగిలినవి చెల్లెలికి ఇచ్చింది. ఈసారి ఆసుపత్రిలో గడ్డ కోసి చీము పరీక్షకి పంపారు. మామూలు మందులకు లొంగని క్రిమి అని తేలింది. వేరే మందు రాసి, చివరి మాత్ర దాకా వేసుకోమన్నారు. పుండు పూర్తిగా మానేదాకా ఆట వద్దన్నారు.

"కట్టు కట్టుకుని ఆడతాను. పుండు నాది, నొప్పి నాది. మధ్యలో మీకేంటి మేడమ్ అభ్యంతరం?"

మేడమ్ విజిల్ జేబులో వేసుకుంది. బట్టలకు పెట్టే నీలిమందు తడిపి తన ప్యాంటు తొడమీద దట్టంగా పూసుకుంది. గౌరిని గట్టుమీద కూర్చోబెట్టి, యాభై రెండేళ్ల వయసులో, మోకాళ్ల నొప్పులతో, కూతకెళ్లింది.

"మెల్లిగా పడేస్తాంలెండి మేడమ్," అంది రేవతి.

"ముందు పట్టుకోవే."

పట్టుకున్నారు. నలుగురు తొడమీద పడ్డారు. నవ్వుకుంటూ లేచి జట్టు తువ్వాలుతో చేతులు, మొహాలు తుడుచుకున్నారు. అందరికీ ఒకే తెల్ల తువ్వాలు అన్నది ఆ జట్టు ఆచారం. మనమంతా ఒకటేనని పదిహేనేళ్ల కిందట మేడమే పెట్టింది. అది చేతులు మారుతూ, ఆడకుండా గట్టుమీదే ఉన్న వనజ దాకా వచ్చింది. పొద్దున్న దోక్కుపోయిన మోకాలికి వనజ దాన్ని అద్దుకుంది.

గౌరి చూసింది. వనజ మేడమ్‌ని ముట్టుకోనే లేదు. మోకాలి మీద మాత్రం నీలం.

మేడమ్ తువ్వాలు అందుకుని కాసేపు చూసింది. "ఇది పెట్టింది నేనే," అని మడిచి పక్కన పడేసింది. "రేపటినుంచి ఎవరి తువ్వాలు వాళ్లది." గౌరితో మాత్రం, "నీ జెర్సీ నీ సంచిలోనే ఉంది," అంది.

మర్నాడు గౌరి జెర్సీ వేసుకునే వచ్చింది. వచ్చి, గీత బయట కూర్చుంది. విరామంలో అవతలి కెప్టెన్ అటుగా వెళ్తూ, "ఏమే, మమ్మల్ని చూసి జ్వరమొచ్చిందా?" అంది.

గౌరి లేచి నిలబడింది. ఎంపికకు వచ్చినవాళ్లకు వినబడేట్టే చెప్పింది: "చీముపుండు. మందులకు ఓ పట్టాన లొంగని రకం. నీకు అంటించకూడదని కూర్చున్నా. మానాక వస్తా, అప్పుడు చూసుకుందాం."

కెప్టెన్ నవ్వు ఆగింది. నేలకి గీసుకుపోయిన తన మోచెయ్యి ఒకసారి చూసుకుని వెళ్లిపోయింది.

రెండు పాయింట్లతో ఓడారు. ఎంపికైనవాళ్లలో గౌరి పేరు లేదు. తిరుగు బస్సులో ఆమె తలెత్తుకునే కూర్చుని, వేళ చూసుకుని మాత్ర మింగింది.

"నిన్నటి ప్రశ్నకి మీరు జవాబు చెప్పలేదు మేడమ్."

ఎర్నమ్మ మేడమ్ జేబులోంచి విజిల్ తీసి మెడలో వేసుకుంది.

"అవుటని చెప్పడం అంపైరు పని. చెప్పకముందే గీత దాటి బయటికొచ్చినదాన్ని ఇన్నేళ్లలో ఇవాళే చూశాను."