రెండో ఇల్లు ఎవరిది?

అనగనగా ఒక ఊళ్లో బుట్టలల్లే పైడమ్మకు నెలలు నిండాయి. కారని కప్పు కింద బిడ్డను కనాలని ఆమె ఆశ.

షావుకారు రంగప్ప వచ్చి, "ఇల్లు కట్టుకోడానికి నూరు వరహాలు అప్పిస్తాను. నెలకొక్క వరహా, ఇరవై ఏళ్లు కడితే చాలమ్మా. కట్టినట్టే తెలీదు!" అన్నాడు.

మొగుడు సింహాద్రి తలూపబోయాడు. పైడమ్మ ముగ్గుపిండితో వాకిట్లో ఒక ఇల్లు గీసింది. పక్కన రెండోది గీసి, మూడోదానికి నడుమెత్తు గోడలు లేపింది.

"మేం కట్టే రెండువందల నలభైకి ఇన్ని లేస్తాయి బాబూ. మొదటింట్లో మేముంటాం. మిగతావి ఎవరివి?"

"అదీ... నా వడ్డీ."

"అంటే నా బిడ్డకు మీసాలొచ్చేదాకా మీ ఇళ్లు కట్టాలన్నమాట. మరి మా కూలెంత?"

ఇరుగుపొరుగు గొల్లుమన్నారు. షావుకారు సిగ్గుపడి, పదేళ్లు కడితే చాలన్నాడు.

పైడమ్మ మిగతా ఇళ్లు చెరిపేసి, మొదటింట్లో చిన్న ఉయ్యాల గీసింది.