ఎవరూ పట్టని తాడు

పొద్దున ఏడు గంటలు. తూర్పు గాలి వీస్తోంది. మబ్బు కమ్మింది గానీ వాన ఇంకా మొదలవలేదు.

ఏరు సముద్రంలో కలిసేచోట ఉన్న మొగపేట అనే ఊళ్ళో కాసులమ్మ అనే చేపలమ్మే ఆమె ఉండేది. కష్టానికి వెనుదీసేది కాదు, ఒకరి సొమ్ముకు ఆశపడేది కాదు, కానీ పెద్దలు ఏం చెప్పినా తల ఊపేసేది. తల ఊపితే గొడవ ఉండదని ఆమె నమ్మకం.

ఆ పొద్దున గాలి తిరగబోతోందని, వేటకు వెళ్ళినవాళ్ళు వెంటనే వెనక్కి రావాలని కబురు వచ్చింది. ఒడ్డునున్న ఆడవాళ్ళంతా తమ తమ పడవలకు ఫోన్లు చేస్తున్నారు. కాసులమ్మ భర్త తవిటయ్య, కొడుకు వరహాలు ఒకే పడవలో ఉన్నారు.

"వల తీసెయ్యండి. వచ్చెయ్యండి," అంది కాసులమ్మ.

"ఇప్పుడే కదే వేశాం," అన్నాడు తవిటయ్య.

"చేపలు రేపూ ఉంటాయి," అని ఆమె ఫోను పెట్టేసింది.

పక్కింటి బంగారి దగ్గరకొచ్చి గొంతు తగ్గించింది. "పైడమ్మ కొడుకులకి ఎవరైనా చెప్పారా వదినా? వాళ్ళు దక్షిణం వైపు ఒంటరిగా వెళ్ళారు."

కాసులమ్మ దక్షిణం వైపు చూసింది.

"నా దగ్గర చిన్నోడు లోవరాజు నంబరుంది. చేస్తే మాత్రం రేపట్నుంచి కుళాయి దగ్గర పైడమ్మలాగే నాదీ ఆఖరి బిందే," అని బంగారి నవ్వబోయి మానేసింది.

కాసులమ్మ దగ్గరా ఆ నంబరుంది. బొటనవేలు దాని మీదకు వెళ్ళింది. ఆగింది. ఆమె ఫోను నడుముకు దోపుకుంది.

ఎందుకు ఆగిందో తెలియాలంటే ముందు జరిగింది చెప్పాలి.

సముద్రం మీద రెండు వలలు చిక్కుపడితే రెండు పడవలూ పక్కపక్కకు వచ్చి, ఎంతసేపైనా సరే, కూర్చుని విప్పుకోవాలి. అది ఆ ఊరి పద్ధతి. పైడమ్మ పెద్దకొడుకు గుర్నాథం అంతసేపు ఆగలేదు. తవిటయ్య వల తన వలకు చుట్టుకుంటే, కత్తి తీసి కోసేసి వెళ్ళిపోయాడు. సగం వల నీటిపాలైంది. వేట నిషేధం రోజుల్లో ఇంటిల్లిపాదీ కూర్చుని, వలను తేల్చే ఒక్కొక్క బెండూ కట్టుకున్న వల అది. కాసులమ్మకు కడుపు మండింది. వెళ్ళి పెద్దలకు చెప్పింది.

పెద్దలు రామకోవెల అరుగు మీద కూర్చున్నారు. వాళ్ళందరిలోకీ పెద్ద దానయ్య. గుర్నాథం లేచి ఏదో చెప్పబోయాడు.

"కోసింది నిజమా, కాదా?" అన్నాడు దానయ్య.

"నిజమే తాతా, కానీ..."

"అయితే కూర్చో."

గుర్నాథం కూర్చున్నాడు. దానయ్య తీర్పు చెప్పాడు. "ఆ ఇంటికి వెలి. మాట లేదు, మంట లేదు, తాడు లేదు."

అంటే ఆ ఇంటివాళ్ళతో ఎవరూ మాట్లాడకూడదు. వాళ్ళ పొయ్యికి నిప్పు ఇవ్వకూడదు. వాళ్ళ పడవ ఒడ్డుకొస్తే తాడందుకుని లాగకూడదు. కాదన్నవాళ్ళకూ అదే శిక్ష.

"ఎన్నాళ్ళు?" అని ఎవరో అడిగారు.

"నేను చాలనేదాకా."

గుర్నాథం తమ్ముడు లోవరాజు వల కోసిన రోజున జ్వరంతో ఇంట్లో పడుకుని ఉన్నాడు. ఆ సంగతి ఊరందరికీ తెలుసు. దానయ్యకూ తెలుసు. తల్లి పైడమ్మ ఆ రోజు బజార్లో చేపలమ్ముతోంది, కాసులమ్మ పక్కనే కూర్చుని.

దానయ్య కాసులమ్మ వైపు తిరిగాడు. "ఏం కోడలా, నీకు న్యాయం జరిగినట్టేనా?"

కాసులమ్మ తల ఊపింది.

అదివరకు ఆమే, పైడమ్మా ఒకే ఆటోలో బజారుకు వెళ్ళేవాళ్ళు. తీర్పు తర్వాత ఆటో పైడమ్మ కోసం ఆగడం మానేసింది. పైడమ్మ గంప నెత్తిన పెట్టుకుని రోడ్డు పక్కన నడిచేది. ఒకసారి ఆటోలోంచి కాసులమ్మ ఆమెను చూసింది. పైడమ్మ కూడా చూసింది. కాసులమ్మ ముఖం తిప్పుకుంది. కోపం నిలబెట్టుకోడానికి ఆమె కోసిన వలను మళ్ళీ మళ్ళీ తలుచుకోవలసి వచ్చింది.

అందుకే ఆ పొద్దున ఆమె బొటనవేలు ఆగింది.

మధ్యాహ్నానికి గాలి ముదిరింది. వాన అడ్డంగా కొట్టసాగింది. పడవలు ఒక్కొక్కటే వచ్చాయి.

మొగపేటలో ఒడ్డు చేరడం తేలిక కాదు. ఏటి ముఖాన ఇసుక మేట ఉంది. కెరటం అక్కడ విరుగుతుంది. మేట దాటగానే పడవలోవాళ్ళు తాడు విసరాలి. ఒడ్డువాళ్ళు ఛాతీ లోతు నీళ్ళలోకి దిగి దాన్నందుకుని, కెరటంతో పాటు లాగాలి. లాగేవాళ్ళు లేకపోతే పడవ అడ్డం తిరుగుతుంది. అడ్డం తిరిగిన పడవను తర్వాతి కెరటం బోర్లా వేస్తుంది. అందుకే ఆ ఊళ్ళో ఎవరి పడవకైనా అందరూ తాడు పట్టేవాళ్ళు.

తవిటయ్య పడవ వచ్చింది. వరహాలు ఒడ్డుకు దూకి, "అమ్మా, కూడుందా?" అన్నాడు.

కాసులమ్మ చెంగుతో వాడి తల తుడిచింది. ఆమె మనుషులు వచ్చేశారు. ఇక ఇంటికి వెళ్ళిపోవచ్చు.

కానీ వెళ్ళలేదు. పైడమ్మ అందరికీ దూరంగా, నీటి అంచున నిలబడి ఉంది. ఎవరినీ ఏమీ అడగలేదు. అడిగినా ఎవరూ పలకకూడదని ఆమెకు తెలుసు.

చివరికి ఒక పడవ కనబడింది. నీలం పడవ. పైడమ్మ కొడుకులది. ఇంజను ఆగిపోయినట్టుంది, తెడ్లతో వస్తున్నారు. మేట దగ్గర ఒకసారి కనబడకుండా పోయి మళ్ళీ లేచింది. లోవరాజు లేచి నిలబడి తాడు విసిరాడు.

తాడు నీళ్ళలో పడింది. ఎవరూ కదల్లేదు. ఒడ్డున జనం గుంపుగా నిలబడి ఉన్నారు, కొందరు చేతులు కట్టుకుని, కొందరు ఇసుకలోకి చూస్తూ. పైడమ్మ ఒక్కతే నీళ్ళలోకి నడిచింది. కెరటం ఆమెను వెనక్కి తోసింది. లోవరాజు తాడు వెనక్కి లాక్కుని చుడుతున్నాడు, మళ్ళీ విసరడానికి.

"తాడు లేదు," అన్నాడు దానయ్య. గట్టిగా అనలేదు. గట్టిగా అనే అవసరం ఆయనకు ఎప్పుడూ రాలేదు.

"మామా, కోసిన వల ఎవరిది?" అంది కాసులమ్మ.

దానయ్య ఆమె వైపు చూశాడు. ఆ గొంతు ఆయన ఎక్కువగా విన్నది కాదు. "నీది."

"అయితే చాలంటున్నాను."

"చాలనాల్సింది నువ్వు కాదే. వల నీదైనా కట్టుబాటు ఊరిది. నువ్వు పుట్టకముందు ఒకడు వల కోస్తే కుర్రాడు కదా అని వదిలేశారు. ఆ ఏడే కత్తులు లేచాయి. మా అన్న పోయాడు. ఒక ఇల్లు ఏడిస్తే పది ఇళ్ళు భయపడతాయి. ఆ భయమే మిమ్మల్ని కాపాడుతోంది."

ఆయన అన్న పోయిన మాట నిజం. అలవాటు కొద్దీ కాసులమ్మ తల కిందికి వంగబోయింది. ఆమె దాన్ని ఆపుకుంది.

"భయపడ్డాం మామా. పొద్దున వీళ్ళ నంబరు నా వేలి కింద ఉంది. నేను చెయ్యలేదు. నీ భయం కత్తి పట్టినవాడి దాకా వెళ్ళిందో లేదో గానీ, నా దాకా వచ్చింది." ఆమె నీలం పడవ వైపు చెయ్యి చూపింది. "లోవరాజు ఏం కోశాడు? పైడమ్మక్క ఏం కోసింది?"

"అంతా ఒకే ఇల్లు."

"ఇల్లు వల కొయ్యదు. మనిషి కోస్తాడు."

"తాడు ముట్టుకుంటే నీ ఇంటికీ వెలే."

"వేసుకో," అని ఆమె చీర కుచ్చిళ్ళు ఎగదోపి నీళ్ళలోకి నడిచింది.

"ఏమే, ఆగు," అన్నాడు తవిటయ్య. ఆమె ఆగలేదు. "దీనికి ఈతైనా రాదు," అంటూ ఆయన వెనకే దిగాడు. వరహాలు తండ్రిని దాటుకుని పోయాడు.

తాడు రెండోసారి పడింది. పైడమ్మ కొసను పట్టుకుంది గానీ అది ఆమె చేతుల్లోంచి జారిపోతోంది. కాసులమ్మ వెళ్ళి పట్టుకుంది. ఇద్దరూ ఒకరి ముఖం ఒకరు చూసుకోలేదు. అప్పటికే పడవ అడ్డం తిరగడం మొదలుపెట్టింది.

"ఆఖరి బిందె అందరికీ అయితే అది ఆఖరి బిందె ఎలా అవుతుంది?" అంటూ బంగారి కూడా దిగింది. ఆమె వెనక ఆమె భర్త. అతని వెనక ఇంకొకరు. తర్వాత ఎవరు ముందో ఎవరు వెనకో తెలియలేదు. చేతులన్నీ తాడు మీదే ఉన్నాయి.

కెరటం వచ్చి పడవ పక్కను కొట్టింది. పడవ ఒరిగింది, ఆగింది, తాడు బిగుసుకుని ముక్కు ఒడ్డుకు తిరిగింది. తర్వాతి కెరటంతో పాటు అందరూ కలిసి లాగారు. పడవ ఇసుకలోకి దూసుకొచ్చింది.

గుర్నాథం ఒంటి మీద గీత కూడా పడలేదు. పడవ ఒరిగినప్పుడు లోవరాజు ఇంజను మీద పడ్డాడు. అతని కుడిచెయ్యి విరిగింది. మొదటిసారి విసిరినప్పుడే తాడు ఎవరైనా అందుకుని ఉంటే ఆ చెయ్యి విరిగేది కాదు. కాసులమ్మ ఆ చేతిని చూసింది. కోసిన వలకు ఆ ఊరు వేసిన శిక్ష చివరికి పడింది అక్కడ.

పైడమ్మ తన చెంగు చించి కొడుకు చేతికి కట్టు కట్టింది. ఎవరో ఆటో కోసం పరుగెత్తారు.

దానయ్య ఉన్నచోటే ఉన్నాడు. "ఇందరికీ వెలి," అన్నాడు.

"అలాగే మామా," అన్నాడు తవిటయ్య, తల మీది నీళ్ళు విదిలించుకుంటూ. "రేపట్నుంచి నువ్వెవరితో మాట్లాడతావో అదొక్కటి చెప్పు."

కొందరు నవ్వారు. దానయ్య నవ్వలేదు. "కట్టుబాటు పోయింది. రేపు కత్తులు లేస్తే నన్ను అడక్కండి."

"లేవనివ్వను," అంది కాసులమ్మ. ఆమె గుర్నాథం వైపు తిరిగింది. "ఆ రోజు నిన్ను చెప్పనివ్వలేదు. ఇప్పుడు చెప్పు."

గుర్నాథం ఇసుకలోకి చూస్తూ అన్నాడు. "చెప్పడానికి పెద్దగా ఏం లేదు పిన్నీ. ఆలస్యమైతే బేరగాళ్ళు వెళ్ళిపోతారని తొందరపడి కోశాను. కోశాక సిగ్గేసింది. పోయిన సగం నేనే కట్టిస్తానని చెబుదామని లేచాను."

"అంతేనా?"

"అంతే. కూర్చోమన్నారు. కూర్చున్నాను."

 ఆ ఒక్క ముక్క విని ఉంటే ఇదంతా ఉండేది కాదని అందరికీ తెలిసింది. అరుగు మీద ఆ రోజు కూర్చున్నవాళ్ళలో ఒకరు తలపాగా విప్పి చేతిలోకి తీసుకున్నారు.

"అయితే విను," అంది కాసులమ్మ. "పొద్దున వేటకు వెళ్ళు, మీ అమ్మ తినాలి. తిరిగొచ్చాక మా వాకిట్లో కూర్చుని వల కట్టు. నువ్వే కట్టాలి. నీ తమ్ముడూ వద్దు, మీ అమ్మా వద్దు. నువ్వు పోగొట్టిన దగ్గర మొదలుపెట్టి చివరి బెండు దాకా. అది ముడేసిన రోజున నీ శిక్ష అయిపోయింది. ఆ తర్వాత ఎవరైనా ఆ మాట ఎత్తితే నా దగ్గరకు రా."

"అన్నమైనా పెడతావా వదినా, పాపం?" అంది బంగారి.

"పెడతాను. ఆకలి శిక్షలో లేదు."

గుర్నాథం సరేనన్నాడు. లోవరాజు చెయ్యి అతికేదాకా గుర్నాథంతో పడవెక్కడానికి వరహాలు ఒప్పుకున్నాడు. అలా ఒప్పుకునే ముందు, "వల మాత్రం కొయ్యకేం," అన్నాడు. గుర్నాథానికి ఆ ఒక్కసారి నవ్వొచ్చింది.

ఆసుపత్రి నుంచి పైడమ్మ వాళ్ళు తిరిగొచ్చేసరికి సాయంత్రమైంది. వాన తగ్గింది, గాలి తగ్గలేదు. పైడమ్మ ఆటో దిగి కాసులమ్మ వాకిలి ముందు ఆగింది.

"పొద్దున ఫోను చెయ్యాల్సింది కాసులూ," అంది.

"అవునక్కా," అంది కాసులమ్మ.   పొయ్యిలోంచి నిప్పు తీసి మూకుట్లో పెట్టి ఇచ్చింది. పైడమ్మ తీసుకుంది.

 కాసులమ్మ అరచేతుల్లో తాడు ఒరుసుకుపోయిన గీతలున్నాయి. గడపలో కూర్చుని ఆమె లెక్కపెట్టింది. తవిటయ్య. వరహాలు. గుర్నాథం. లోవరాజు, విరిగిన చేత్తో. పైడమ్మ. బంగారి, ఆమె మొగుడు. నీళ్ళలోకి దిగినవాళ్ళంతా. ఒకరు కూడా తగ్గలేదు. నమ్మకం కలగక మళ్ళీ మొదటినుంచి లెక్కపెట్టింది. అందరూ ఇంటికి వచ్చారు.

తప్పుకు శిక్ష ఉండాలి, కానీ అది తప్పు చేసిన మనిషికే, చేసినంత మేరకే, అతని మాట విన్నాకే పడాలి. అంతకు మించి పడిన ప్రతి దెబ్బా మరో తప్పే, ఆ తప్పు దానికి తల ఊపిన ప్రతి ఒక్కరిదీ.