సత్తిరాజు చేతులు

సత్తిరాజు పదేళ్ళు కబడ్డీ ఆడాడు. కూతకొచ్చినవాడి చీలమండ పట్టాడంటే వదలడని పేరు. మోకాలు విరిగి ఆట ఆగిపోయాక మైకు పట్టాడు. ఎగ్జిబిషన్ స్టేజీల మీద, టీవీ నవ్వుల ప్రోగ్రాముల్లో తన పట్టు చేసి చూపిస్తుంటే జనం ఈలలు వేసేవాళ్ళు.

రేడియోలో మాత్రం కుదరలేదు. కామెంటరీకి పిలిచి, రెండు మ్యాచ్‌లు చెప్పించి ఆపేశారు. ఆఖరిసారిగా ఆదివారం మ్యాచ్ ఒక్కటి ఇస్తామన్నారు. అదీ బాగోకపోతే ఇంక రావద్దన్నారు. స్టేజీల వాళ్ళు పిలవడం అప్పటికే తగ్గిపోయింది. అతనికి వేరే పని రాదు.

కాకినాడలో రహంతుల్లా మాస్టారి దగ్గరికి వెళ్ళాడు. ఆయన ముప్ఫై ఏళ్ళు రేడియోలో ఆటలు చెప్పిన మనిషి. ఇప్పుడు ఇంట్లోనే ఉండి, వచ్చినవాళ్ళకి నేర్పుతున్నారు.

"ఏమన్నారు వాళ్ళు?" అని అడిగారు మాస్టారు.

"ఏమీ అర్థం కావట్లేదంటండీ. ఆడినవాణ్ణి నేను. ఆ గదిలో కూర్చున్నవాళ్ళు ఒక్కరోజైనా మట్టిలో దిగారా?"

"సరే. నీ ఆఖరి మ్యాచ్‌లో ఆఖరి పట్టు చెప్పు."

సత్తిరాజు హుషారుగా లేచాడు. "అతను ఇలా వచ్చాడండి. నేను ఇలా ఒంగి, ఇదిగో ఇలా తిరిగి, ఇక్కడ దొరకబుచ్చుకున్నా!" అంటూ కుర్చీ కాలు పట్టి లాగాడు. కుర్చీ దబ్బున పడింది.

పక్క గదికి తెర కట్టి ఉంది. తెర అవతల మాస్టారి భార్య జులేఖాబీ బియ్యంలో రాళ్ళు ఏరుకుంటోంది.

"జులేఖా, ఏం జరిగిందో చెప్పు" అన్నారు మాస్టారు.

"కుర్చీ పడ్డట్టుంది. మొన్నేగా బాగుచేయించాం! కాస్త చూసుకోమనండి."

సత్తిరాజు మొహం చిన్నబోయింది. మాస్టారు లోపలికెళ్ళి టీ పెట్టి, రెండు గ్లాసులు అంచుదాకా పోసి తెచ్చారు. రెండూ సత్తిరాజు చేతుల్లోనే పెట్టారు.

"మీకొకటి తీసుకోండి మాస్టారూ."

"రెండూ నువ్వే పట్టుకో. కింద పెట్టకు, ఒలకనీకు. ఇప్పుడు మళ్ళీ చెప్పు. నాకు కాదు, తెర అవతలికి."

"అతను ఇలా..." సత్తిరాజు మోచెయ్యి లేచింది. వేడి టీ మణికట్టు మీద పడింది. ఆగిపోయాడు. "నేను ఇలా..." మళ్ళీ ఆగిపోయాడు. చేతులు కదలకపోతే నోరు కూడా కదలట్లేదు.

మాస్టారు కుర్చీ లేపి, దాంట్లో కూర్చుని కళ్ళు మూసుకున్నారు.

సత్తిరాజు మోచేతులు పక్కలకి ఆనించుకుని మెల్లిగా మొదలుపెట్టాడు.

"పొడగరి. కుడికాలు ముందుకేసి వచ్చాడు. మా వైపు నాలుగడుగులు. నేను ఎడమ మూలలో ఉన్నా. అతని చూపు నా మీద లేదు. ఒంగి, రెండు చేతులతో చీలమండ పట్టా. బోర్లా పడ్డాడు. పడి కూడా పాకుతున్నాడు. నన్ను ఈడ్చుకుపోతున్నాడు. మట్టి నా నోట్లోకి వచ్చింది. మధ్యగీత ఇంకా జానెడు దూరం. కూత ఆగలేదు..."

స్టేజీల మీద అక్కడిదాకానే చేసేవాడు. అక్కడికి ఈలలు మొదలయ్యేవి. ఇప్పుడూ అక్కడే ఆపాడు.

తెర అవతల చేటలో బియ్యం చప్పుడు లేదు.

"గీత అందుకున్నాడా బాబూ?" అంది జులేఖాబీ.

సత్తిరాజు చేతుల్లో గ్లాసులకేసి చూశాడు. ఇన్నేళ్ళలో ఆ మాట ఎవరూ అడగలేదు. అతనూ ఎవరికీ చెప్పలేదు.

"మోకాలు పటుక్కుమంది తల్లీ. నేను వదిలేశాను. అతను గీత అందుకున్నాడు. ఒక్క పాయింటుతో ఓడిపోయాం."

"అయ్యో!" అంది ఆవిడ.

మాస్టారు లేచి వచ్చి, అతని చేతుల్లోంచి గ్లాసులు తీసుకున్నారు.

"ఆదివారం వెళ్ళు" అన్నారు.