తెల్ల ఈక రాలిన పొద్దు

రండమ్మా రండి, దగ్గరగా జరగండి. ఆ గడప మీద వాళ్ళు లోపలికి రండి, చాప చివర ఇంకా చోటుంది. ముందుగా సూర్యనారాయణమూర్తికి చేతులెత్తి ఓ దండం పెట్టండి. ఈ కథంతా ఆయన దయ మీదే నడుస్తుంది. పెట్టారా? ఇక వినండి.

అనగనగా ఉత్తరాన మంచుకొండల కింద ఒక రాజ్యం. దాన్ని ఏలే రాజు కనకవర్మ. ఆయనకు ముగ్గురు కొడుకులు. ఆ దేశంలో కోత కోయగానే మొదటి పిడికెడు కొర్రకంకులు ఇంట్లోకి తీసుకుపోరు. కుచ్చుగా అల్లి చూరుకు కడతారు. అది పిట్టల వాటా.

ఒక ఏడాది శీతాకాలం వచ్చింది, వచ్చింది, ఇక పోనేలేదు. ఉగాది దాటినా మంచే. గాదెల్లో పూటకింతని పంచుకునే కొద్ది కంకులు, విత్తనాల కంకులు తప్ప మరేం మిగల్లేదు. విత్తనాలు కూడా తినేస్తే ఆ నేలలో మళ్ళీ పంటే ఉండదు. దక్షిణానికి వలసపోయిన బాతులు వేళ తప్పకుండా తిరిగొచ్చి, గడ్డకట్టిన చెరువు మీద దిక్కుతోచక నిలబడ్డాయి.

"మనకే లేదు, పిట్టలకెక్కడిది?" అని పెద్దకొడుకు కుచ్చు దింపేశాడు. "బాగా చేశావన్నా," అన్నాడు నడిపివాడు. చిన్నవాడు మలయకేతు మాత్రం ఆ పూట తన వంతుకు వచ్చిన కంకుల్నే కుచ్చు కట్టి, పస్తు పడుకున్నాడు.

తెల్లారేసరికి బాతులొచ్చి తిన్నాయి. కింద రాలిన గింజలు తెల్ల కుందేలు ఏరుకు తిన్నది. నిద్ర చాలక చిరచిరలాడుతూ వచ్చిన ఎలుగుబంటి మిగిలిన కుచ్చు ఒక్క గుటకలో మింగి, "ఇంతేనా?" అన్నది.

"ఇంతే మామా. నేనూ తినలేదు," అన్నాడు మలయకేతు. ఎలుగు సిగ్గుపడి తల గోక్కుంది.

అప్పుడు ముసలిబాతు చెప్పింది. "నాయనా, ఏడు మంచుకొండల అవతల తుహినాక్షుడనే మాంత్రికుడున్నాడు. వాడి ప్రాణం ఒక మంచుకౌజు పిట్ట రెక్కలో, తెల్ల ఈకలో దాచాడు. వసంతం వస్తే కౌజు తెల్ల ఈకలు రాల్చి మట్టిరంగువి తొడుక్కుంటుంది. ఈకతో పాటే వాడూ రాలిపోతాడు. అందుకని దాన్ని చీకటి గుహలో పెట్టాడు. అది తెల్లగా ఉన్నన్నాళ్ళూ కాలం కదలదు."

మాట పూర్తికాకముందే అన్నలిద్దరూ కత్తులు పట్టుకుని గుర్రాలెక్కారు. రాచబిడ్డలన్న ఆనవాలుకు ఎర్రపట్టు అంగీలు తొడుక్కున్నారు. అంత తెల్లటి మంచులో అంత ఎర్రటి అంగీలు! మాంత్రికుడు తన కోట బురుజు మీంచే చూశాడు, ఉఫ్ అని ఊదాడు. ఇద్దరూ మంచుబొమ్మలై నిలబడిపోయారు.

మలయకేతు బయలుదేరబోతే కుందేలు అడ్డం వచ్చింది. "నన్ను చూడు బాబూ. ఎండాకాలం మట్టిరంగు, చలికాలం తెలుపు. కాలాన్ని బట్టి బట్ట కట్టుకో."

ఎర్ర అంగీ విప్పేసి తెల్ల దుప్పటి కప్పుకున్నాడు. బాతులు ఆ దుప్పటి అంచులు ముక్కులతో పట్టి, ఏడు కొండలూ దాటించాయి. దారిలో మంచుబొమ్మలైన అన్నలు కనిపించారు. ఎలుగు కిందనే, గొణుక్కుంటూ, నడిచొచ్చింది.

మాంత్రికుడి కంటపడకుండా గుహలోకి దూరితే, కౌజుకు మేతపెడుతూ ఒక పిల్ల ఉంది. పొరుగురాజు కూతురు హరివల్లి, మాంత్రికుడు ఎత్తుకొచ్చిన పిల్ల.

"ఎవరు నువ్వు? రాజకుమారుడివా, గోడలకు సున్నం కొట్టేవాడివా?" అంది.

"ముందు పని చూద్దాం, తర్వాత వెక్కిరించు. ఈ పిట్ట ఈక పీకితే వస్తుందా?"

"పీకితే రాదు, కోస్తే తెగదు. దానంతటది రాల్చుకోవాలి."

"ఎంత చలి తగ్గితే రాలుస్తుంది?" అని వెంట వచ్చిన ముసలిబాతునడిగాడు.

"చలిని చూసి కాదు నాయనా, వెలుతురు చూసి మేం కాలం తెలుసుకుంటాం. పొద్దు చూపించు, చాలు."

ఎలుగుబంటి గుహ పైకెక్కి గోళ్ళతో తవ్వింది. తవ్వగా తవ్వగా ఒక్క కంత పడింది. సూర్యభగవానుడు చెయ్యి చాపినట్టు ఎండ లోపలికి దిగింది. మలయకేతు కౌజును ఒళ్ళో పెట్టుకుని, ఎండ ఎటు జరిగితే అటు జరిగాడు. మొదటి పొద్దుకు కౌజు కళ్ళు తెరిచింది. రెండో పొద్దుకు రెక్కలు దులిపింది. మూడో పొద్దుకు మాంత్రికుడికి గుండెలో కలుక్కుమంది.

పరుగున వచ్చి ఆకాశమంతా మబ్బు కమ్మించాడు. గుహలో మళ్ళీ చీకటి. "ఒరే కుర్రాడా, ఆ పిట్టనిచ్చెయ్. నీ అన్నల్ని వదిలేస్తాను," అన్నాడు.

మలయకేతు గుండె ఊగింది. అన్నలు కదా! కాని ఊళ్ళో గాదెలు గుర్తొచ్చాయి. "అన్నల్ని ఎండే వదిలిస్తుందిలే," అని కౌజును గుండెకు హత్తుకున్నాడు.

ఆ మాట విని బాతులన్నీ గుంపుగా లేచాయి. కంకులు తిన్న బాతులు, వాటి బంధువులు, వాటి బంధువుల బంధువులు! రెక్కలతో మబ్బును విసిరి విసిరి చెదరగొట్టాయి. ఎండ పడింది. కౌజు ఒళ్ళు విదిలించింది. తెల్ల ఈక ఒకటి తేలుతూ తేలుతూ నేలకు దిగింది. మాంత్రికుడు మంచుముద్దలా కరిగి వాగులో కలిసిపోయాడు.

అన్నలు తడిసిన అంగీలతో తుమ్ముకుంటూ ఇంటికొచ్చారు. విత్తనాలు నేలలో పడ్డాయి. హరివల్లికీ మలయకేతుకీ పెళ్ళయింది. ఎలుగుమామ పెళ్ళిభోజనం తిని, "ఇప్పుడు సరిపోయింది," అంది. ఆ ఆలుమగలు చాలాకాలం చల్లగా ఏలారు. ఏటా మొదటి కుచ్చు చూరుకు కట్టింది ఎవరనుకున్నారు? పెద్దన్నే!

ఇక లేవండి నాయనా. కథంతా మరిచిపోయినా ఫరవాలేదు, ఒక్కటి గుర్తుంచుకోండి. రేపు పొద్దున సూర్యుడికి దండం పెట్టి, మీ వంతులోంచి పిడికెడు గింజలు చూరు కింద పిట్టలకు పెట్టండి. ఎల్లుండి కూడా పెట్టండి.