మూడు కలల మూట

అనగనగా ఒక రాజకుమారుడు. ఇల్లు విడిచి బయలుదేరిన రోజున అతని ఉత్తరీయం చెంగున మూటకట్టుకున్నవి మూడే మూడు కలలు. గుర్రం లేదు, కత్తి లేదు, వెంట ఒక్క బంటైనా లేడు.

అతని పేరు సుకేతు. పొగడనాడు రాజుగారి ముగ్గురు కొడుకుల్లో చిన్నవాడు. ఆ ఏడు రాజ్యం మీద కలమింగులు పడ్డాయి. పిల్లి అంత ఒళ్ళు, గబ్బిలం చెవులు, చెంబు మూతి లాంటి నోరు. నిద్రపోయేవాళ్ళ దిండు పక్కన చేరి కలల్ని పాయసంలా జుర్రుకుంటాయి. తెల్లారి లేచేసరికి జనానికి ఆవలింతలే మిగిలేవి. పిల్లలు ఆటలు మరిచిపోయారు. వంటవాళ్ళు రోజూ అదే పప్పు వండారు. నేతపిల్ల చెంగల్వ మగ్గం కూడా ఆగిపోయింది. ఆ అమ్మాయి రాత్రి కలలో ఏ అంచు చూస్తే పొద్దున్నే ఆ అంచు నేసేది. సుకేతుకి ఆమె అంటే ప్రాణం, ఆమెకూ అంతే. కానీ తన పెళ్ళిచీర తానే నేసుకుంటాననీ, అది పూర్తయ్యాకే పెళ్ళి అనీ చెంగల్వ పట్టు పట్టింది. చీర సగంలో నిలిచిపోయింది.

ఏడు సముద్రాల అవతలి కలమింగుల కొండకని పెద్దన్న కత్తి పట్టుకుని వెళ్ళాడు. దారిలో నిద్రపోయాడు, ఆవలిస్తూ తిరిగొచ్చాడు. నడిపన్న విల్లు పట్టుకుని వెళ్ళాడు. దారిలో నిద్రపోయాడు, ఇంకా పెద్దగా ఆవలిస్తూ తిరిగొచ్చాడు.

సుకేతుకి మధ్యాహ్నం భోంచేసి ఏనుగుశాల అటక మీద పడుకునే అలవాటు. అందరూ అతన్ని చూసి నవ్వేవాళ్ళు. కలమింగులు పగలు రావు కనక అతని మధ్యాహ్నపు కలలు మూడు భద్రంగా మిగిలాయి. అతను వేళ్ళ మీద లెక్క వేసుకున్నాడు. సముద్రాలు ఏడు, కలలు మూడు. సముద్రానికొకటి ఇస్తే సరిపోవు. ఏడింటికీ కలిపి బేరమాడితే ఒకటి చాలు, రెండు మిగులు.

చెంగల్వ రేవుదాకా వచ్చి సాగనంపింది. "దొరగారూ, దారిలో కునుకు తీశారంటే చీర సంగతి ఇక మరిచిపోండి" అంది.

రేవులో ఒక ముసలి తాబేలు ఎండ కాచుకుంటోంది. ఏడు సముద్రాలూ దాటించమంటే ముందు మోకాళ్ళ నొప్పులంది, తర్వాత మూడు సముద్రాలైతే చూద్దామంది. సుకేతు మూట విప్పి మొదటి కల ఇచ్చాడు. అది మబ్బుల్లో ఎగిరే కల. తాబేలు అరకన్ను మూసి ఆ కల చూస్తూ, "ఎగురుతున్నానురా మనవడా" అంటూ ఏడు సముద్రాలూ ఈదేసింది.

అవతలి ఒడ్డున కలమింగుల కొండ. గుహ ముందు పుట్టినప్పటి నుంచీ కన్ను మూయని ఎలుగుబంటి కాపలా ఉంది. దానికి రెండో కల ఇచ్చాడు. అది తేనెతుట్టెల తోట కల. ఎలుగు పెదాలు చప్పరిస్తూ పక్కకి ఒరిగి గురక పెట్టింది.

లోపల కలమింగులన్నీ పొట్టలు ఉబ్బి వెల్లకిలా పడున్నాయి. వాటి రాజు గుటకరాజు లేచి కూర్చున్నాడు. పెదాలు గట్టిగా బిగించి, మాటలన్నీ ముక్కుతోనే మాట్లాడాడు. మూటలో ఏముందని అడిగాడు.

నోరు ఎందుకు తెరవడు? లోపలున్నది జారిపోతుందనే కదా, అనుకున్నాడు సుకేతు. ఉన్నది ఆఖరి కల. అది కూడా వీడి పొట్టలోకి పోతే తనకూ కలలుండవు, చెంగల్వ చీరా పూర్తి కాదు.

"ఒక్క కల ఉంది. మా ఊళ్ళో కలని ఊరికే మింగరు. చెప్పుకుంటారు. వినేవాళ్ళు ఊ కొడతారు. అప్పుడే దాని రుచి తెలుస్తుంది."

రుచి అనేసరికి గుటకరాజు చెవులు నిక్కాయి. సుకేతు మొదలుపెట్టాడు. తన పెళ్ళి ఊరేగింపు, ముందు మేళం, నడవనని మొరాయించిన ఏనుగు. గుటకరాజు ముక్కుతో "ఉం" అన్నాడు. సుకేతు ఆపేశాడు.

"ముక్కుతో కొట్టే ఊ మా దగ్గర చెల్లదు. మూతి సున్నాలా చుట్టాలి."

ఏనుగు కదిలిందో లేదో తెలియక గుటకరాజుకి ఒకటే దురద. మూతి చుట్టి "ఊ" అన్నాడు. ఆ ఊతో పాటు ఎవరో పిల్లవాడి ఉయ్యాల కల బయటికి తుర్రుమంది. కథ సాగింది. మిగతా కలమింగులూ చుట్టూ చేరి ఊ కొట్టాయి. ఒక్కో ఊకి ఒక్కో కల. మామిడితోటల కలలు, నెమలి అంచుల కలలు గుంపులు గుంపులుగా సముద్రం మీదుగా ఇళ్ళకు ఎగిరిపోయాయి.

ఊరేగింపు ఇంటిముందుకి వచ్చింది. గుమ్మంలో ఎవరో అడ్డం నిలబడ్డారు. సుకేతు అక్కడ ఆగాడు.

"తర్వాత?" అన్నాడు గుటకరాజు.

"గుమ్మం దాటడానికి కాలెత్తగానే మెలకువ వచ్చింది. తర్వాతేమిటో నాకూ తెలీదు. జరిగిన రోజున నువ్వే వచ్చి చూడు. కానీ అందాకా, ఆ తర్వాత కూడా, పిల్లల్ని ఏడిపించే పీడకలలే మీ తిండి."

గుటకరాజు జారిపోయిన పొట్ట తడుముకున్నాడు. కోపం వచ్చింది కానీ, తర్వాతేమిటన్న దురద దాన్ని మించింది. పీడకలలు కారంగా ఉంటాయా అని మాత్రం అడిగాడు. ఉంటాయన్నాడు సుకేతు. సరేనన్నాడు గుటకరాజు. చెప్పినంత మాత్రాన కల తరగలేదు. సుకేతు దాన్ని మళ్ళీ మూటకట్టుకుని తాబేలెక్కాడు.

చెంగల్వ చీర పూర్తయింది. అంచు పొడుగునా ఎగిరే తాబేళ్ళు. అన్నలు ఆవలింతలు మాని మేళం ముందు చిందులేశారు. ఏనుగు నిజంగానే మొరాయించింది. పెళ్ళి చూసి మురిసిన రాజుగారు కిరీటం చిన్నవాడికే అన్నారు.

ఇంటికి రాగానే వదినలిద్దరూ గుమ్మానికి అడ్డం నిలబడి, పేర్లు చెప్పందే లోపలికి రానివ్వం అన్నారు. "నేను, నా చెంగల్వ వచ్చాం" అన్నాడు సుకేతు. "నేను, నా సుకేతు వచ్చాం" అంది చెంగల్వ, ఈసారి దొరగారూ అనకుండా. వదినలు నవ్వుతూ తప్పుకున్నారు.

వాళ్ళిద్దరూ చల్లగా రాజ్యమేలబోయే ఏళ్ళన్నీ ఆ గుమ్మానికి అవతలే ఉన్నాయి. పగటినిద్ర మానుకుని వచ్చిన గుటకరాజు, స్తంభం చాటు నుంచి తాబేలు భుజం మీదుగా మెడ చాచి, మూతి సున్నాలా చుట్టాడు.

"ఊ... తర్వాత?"

సుకేతు చెంగల్వ చెయ్యి పట్టుకుని కుడికాలు ఎత్తాడు.