పూటకూళ్ల ఇంట్లో ఫైటు

వకుళ స్వయంగా వేసిన మొదటి సెట్టు అది. కోడంబాకం స్టూడియోలో పక్క షూటింగ్ ఫ్లోర్ల వాళ్లు కూడా వచ్చి చూసి వెళ్లారు.

కర్రసాము సినిమా. హీరో ఒక పూటకూళ్ల ఇంట్లో బందిపోట్లతో తలపడాలి. చెక్కుడు స్తంభాలు, పాత సున్నం రంగు గోడలు, గూళ్లలో తళతళలాడే ఇత్తడి గిన్నెలు. అందరూ మెచ్చుకున్నారు. ఫైట్ మాస్టర్ దైవసహాయం మాత్రం కర్ర పట్టుకుని అంతా కలియతిరిగి, నడిమధ్యలో నిలబడిపోయాడు.

"బాగుందమ్మా. కానీ ఇక్కడ నాకు ఫైటు తోచడం లేదు."

"చోటు చాలదా?"

"చోటుకేం, బోలెడుంది. ఎందుకో తోచడం లేదు, అంతే."

రేపు మధ్యాహ్నం దాకా చూద్దామన్నాడు డైరెక్టరు. అప్పటికీ కుదరకపోతే ఆ ఫైటు సముద్రం ఒడ్డున తీసేస్తాడట. అంటే సెట్టు విప్పేయడమే.

వకుళ జిలానీ మాస్టారి దగ్గరికి పరిగెత్తింది. ఆర్ట్ డైరెక్టరుగానే జుట్టు నెరిసిన మనిషి. గీత గీయడం దగ్గర్నుంచి ఆమెకు అన్నీ నేర్పింది ఆయనే.

"లోపం ఎక్కడుంది మాస్టారూ? స్తంభాలు జరపనా? కప్పు ఎత్తు పెంచనా?"

ఆయన సెట్లోకి వచ్చి, చెప్పులు విప్పి, అరుగు మీద తీరిగ్గా కూర్చున్నారు.

"పూటకూళ్ల ఇల్లేగా ఇది? ఆకలేస్తోందమ్మాయ్. అన్నం పెట్టు."

"క్యాంటీన్ నుంచి తెప్పిస్తాను."

"ఊహూఁ. ఇక్కడే వండు. నాకొక్కడికే కాదు, పనివాళ్లందరికీ."

వకుళకు ఒళ్లు మండింది. అయినా, ఈయన దేనికోసం అడుగుతున్నారో చూడాలన్న కుతూహలం కోపాన్ని మించిపోయింది.

పొయ్యి ప్లాస్టరుది. నిప్పు పెడితే పగిలిపోతుంది. ఇటుకలు తెప్పించి వెనక వాకిట్లో వేరే పొయ్యి పెట్టింది. గూట్లో గిన్నె అందుకోబోతే ఊడి రాలేదు. కదలకుండా ఉండాలని జిగురు పెట్టించింది తనే. నీళ్ల బాన అందం కోసం మూలన పెట్టింది. అక్కడికీ పొయ్యికీ తిరగలేక, బానను గుమ్మం పక్కకు ఈడ్పించింది. తడి తువ్వాలు ఆరేయడానికి దండెం లేదు. రెండు స్తంభాల మధ్య తాడు కట్టింది.

పెయింటర్లు, వడ్రంగులు విస్తళ్ల ముందు కూర్చున్నారు. కాళ్లకు అడ్డమొచ్చిన బల్లల్ని ఎటు పడితే అటు నెట్టేశారు. ఎవరో పులుసు గిన్నె ఒలకబోశారు. తెల్లటి గోడ మీద పసుపు చార పడింది.

వకుళ గుడ్డ తీసుకుని లేవబోయింది. మాస్టారు చెయ్యి పట్టుకుని ఆపారు.

"ఉండనీ. మజ్జిగ వడ్డించు."

మర్నాడు ఉదయం దైవసహాయం గుమ్మం దాటుతూనే బాన పక్కన తడిలో జారాడు. పడబోతూ దండెం పట్టుకున్నాడు. తాడు అతన్ని స్తంభం చుట్టూ ఒక చుట్టు తిప్పి నిలబెట్టింది.

కాసేపు అలాగే నిలబడి ఆ తాడు వంక చూశాడు. తర్వాత బాన వంక, అడ్డదిడ్డంగా ఉన్న బల్లల వంక చూశాడు. చెయ్యి దానంతటదే ముందుకు సాగి బల్ల మీది గరిటె అందుకుంది.

"రండిరా!" అని తన మనుషుల్ని కేకేశాడు.

మధ్యాహ్నానికల్లా ఫైటు సిద్ధమైంది. డైరెక్టరు సముద్రం మాటే ఎత్తలేదు.

వకుళ మాస్టారి పక్కకు చేరింది. "ఇవన్నీ ఉండాలని నిన్ననే చెప్పొచ్చుగా?"

"చెబితే నాలుగు సామాన్లు తెచ్చి అందంగా సర్దేదానివి," అన్నారాయన.



తర్వాతి సినిమాలో ఫైటు చెరసాలలో. గోడలు నిలబెట్టీ నిలబెట్టగానే, రంగులు కూడా వేయించకుండా, వకుళ లోపలికి వెళ్లి నేల మీద కూర్చుంది.

"తలుపు మూసి బయట గడియ పెట్టు," అంది వడ్రంగి యాకోబుతో.

అతను తెల్లబోయాడు. "మళ్లీ ఎప్పుడు తియ్యమంటారమ్మా?"

"అది నాకు చెప్పొద్దు."